మూకీ సినిమాలో పాటగత్తె

మొన్న వాయుగుండం పట్టినప్పుడు మూడు రోజులు ఇంట్లోంచి కదల్లేదు. చేలో నీళ్లు, వీధిలో నీళ్లు, కొబ్బరి మట్టలు తీగల మీద పడి కరెంటు వస్తూ పోతూ ఉంది. మా అమ్మాయి ఫోన్లో చార్లీ చాప్లిన్ పెట్టుకుంది. 1931లో వచ్చిన "సిటీ లైట్స్"లో ఒక గుడ్డి పూలమ్మి ఉంటుంది కదా, ఆ పిల్ల తెర మీదికి వచ్చినప్పుడల్లా ఒక ట్యూను వినపడుతుంది. రెండోసారి వచ్చేసరికి నన్ను పట్టుకుంది. మర్నాడు పొద్దున్న పళ్లు తోముకుంటూ అదే కూనిరాగం, వాన కాస్త తెరిపిచ్చాక కాలవ గట్టు ఎలా ఉందో చూడ్డానికి వెళ్తే అక్కడా అదే. "నాన్నా, ఇంక ఆపు" అంది అమ్మాయి.

ఆ సినిమాకి సంగీతం చాలావరకు చాప్లినే కట్టుకున్నాడు గానీ ఈ ట్యూను మాత్రం ఆయనది కాదట. హోసే పదీయా అనే స్పెయిన్ సంగీతకారుడిది. పాట పేరు "లా వియొలెతేరా", వయొలెట్ పూలు అమ్ముకునే పిల్ల అని అర్థం. తన పేరు వెయ్యలేదని పదీయా కోర్టుకెక్కాడు, గెలిచాడు కూడా. పక్కవాడి ట్యూను అడక్కుండా ఎత్తుకోవడం మన రోజుల్లో మొదలైన జబ్బు అనుకునేవాణ్ణి. సరే, ఈ పాటకి పేరు తెచ్చిన గొంతు ఎవరిదా అని వెతికితే రాకెల్ మెల్లర్ అనే ఆవిడ దొరికింది. మిగతా వానంతా ఆవిడతోనే గడిచిపోయింది.

అసలు పేరు ఫ్రాన్సిస్కా మార్కెస్. 1888లో తారసోనా అనే ఊళ్లో ఒక కమ్మరి ఇంట్లో పుట్టింది. బార్సిలోనాలో బట్టలు కుట్టే దుకాణంలో పనికి కుదిరి, కుట్టుకుంటూ పాడుకునేదట. అక్కడికి బట్టలు కుట్టించుకోవడానికి వచ్చిన ఒక పాటగత్తె విని, ఈ పిల్ల ఉండాల్సింది ఇక్కడ కాదని స్టేజీ దారి చూపించింది. 1911లో బార్సిలోనా అర్నావ్ థియేటర్లో పాడిందగ్గర్నుంచి ఇక వెనక్కి చూసుకోలేదు. 1919కి పారిస్ ఒలింపియా, 1926కి న్యూయార్క్. ఆ ఏప్రిల్లో టైమ్ పత్రిక అట్ట మీద ఆవిడ బొమ్మే.

ఇంతవరకూ బాగానే అర్థమైంది. నాకు బుర్ర గోక్కోవాల్సి వచ్చింది తర్వాతి సంగతికి. ఆవిడ సినిమాల్లోకి వచ్చింది కూడా 1919లోనే. 1919 అంటే మూకీ! సినిమాకి నోరు రావడానికి ఇంకా ఏళ్లు పడుతుంది. జనం టిక్కెట్టు కొనుక్కుని మరీ వినే గొంతుని చెప్పుల్లా వాకిట్లో వదిలేసి లోపలికి వెళ్లడం లాంటిది ఇది. పైగా ఏదో ఒకటి చేసి వదిలేసిందా అంటే అదీ కాదు, 1924లో హెన్రీ రూసెల్ అనే ఫ్రెంచి ఆయన తీసిన "వియొలెత్ ఎంపీరియాల్"తో పెద్ద తార అయిపోయింది. అందులో వేషం ఏంటంటారా? సెవిల్ వీధుల్లో పూలమ్ముకునే పిల్ల. అంటే స్టేజీ మీద రోజూ పాడే పాటలోని మనిషినే తెర మీదికి తీసుకెళ్లింది, పాటని మాత్రం బయట వదిలేసి.

ఇదెలా కుదిరిందో తెలియాలంటే ఆవిడ పాడే సరుకు ఏంటో తెలియాలి. దాన్ని కుప్లే అంటారు. మూడు నాలుగు నిమిషాల పాట, అందులో ఒక కథ, ఆ కథలో ఒక మనిషి. పాడే ఆవిడ పాట పాటకీ బట్టలు మార్చుకుని ఆ మనిషిగా వచ్చి నిలబడుతుంది. మెల్లర్ ఇంకో పెద్ద పాట "ఎల్ రెలికారియో" తీసుకుంటే, ఎద్దులతో పోరాడే ఒకడు దారిలో ఒక అమ్మాయి కోసం తన శాలువా కింద పరుస్తాడు, ఆమె అడుగు పడ్డ చోట గుడ్డ ముక్క కత్తిరించి తాయెత్తులా దాచుకుంటానంటాడు, తర్వాత ఒకరోజు బరిలో ఎద్దు కొమ్ముకి బలైపోతూ రొమ్ములోంచి ఆ ముక్క తీస్తాడు. ఇదంతా ఆ అమ్మాయే చెప్పుకుంటుంది. మూడు నిమిషాల్లో ప్రేమ, చావు, మధ్యలో ఒక గుడ్డ ముక్క. చెయ్యి ఎంత ఎత్తాలి, కన్ను ఎప్పుడు దించాలి, ఎక్కడ ఆగాలి అన్నదే అసలు విద్య. మెల్లర్ పేరు మోసింది కూడా గొంతు బలానికి కాదు, దాన్ని తగ్గించి వాడుకోవడానికి. పూలమ్మి పాటకైతే పాడుతూ పాడుతూ జనంలోకి వయొలెట్ పూలు విసిరేదట.

మనలో చాలామంది స్టేజీ నుంచి సినిమాకి వెళ్లడం అంటే చిన్న బడి నుంచి పెద్ద బడికి వెళ్లినట్టు మాట్లాడతారు. ఏ స్టేజీ నుంచి వెళ్లారు అని మాత్రం ఎవరూ అడగరు. నాకు ఈ ప్రశ్న తట్టడానికి కారణం మా చిన్నతాత.

మాది అంబాజీపేట దగ్గర ఊరు. మా తాతయ్య తమ్ముడు పద్యనాటకాలు వేసేవాడు, హరిశ్చంద్రుడి వేషం, అందులోనూ కాటి సీను అంటే చుట్టుపక్కల ఊళ్ల వాళ్లు చాపలు చంకన పెట్టుకుని వచ్చేవాళ్లు. కోతలయ్యాక కళ్లంలోనో తీర్థంలోనో స్టేజీ కట్టేవాళ్లు. మైకులు లేవు. రాత్రి పదింటికి మొదలైతే తెల్లారి కోడి కూసేదాకా, ఐదు శృతిలో, కళ్లం చివర కూర్చున్న వాడికి కూడా మాట అందాలి. ఆ కొలతకి తగ్గట్టే చేతులు భుజాల పైకి లేవాలి, కళ్లు పత్తికాయల్లా విచ్చుకోవాలి, రాగం గోదావరి అవతలి గట్టు తాకి రావాలి. చంద్రమతి మీద కత్తి ఎత్తి, నరకబోతూ పద్యం అందుకునేవాడట చిన్నతాత. జనం వన్స్‌మోర్ అంటే కత్తి దించి, మళ్లీ ఎత్తి, మళ్లీ అదే పద్యం. ఒకసారి నాలుగు వన్స్‌మోర్లు పడ్డాయని చెప్పేవాడు. చంద్రమతి వేషం కట్టిన ఆయన అంతసేపూ మెడ వంచుకునే కూర్చున్నాడు పాపం.

ఎవరో ఎక్కిస్తే చిన్నతాత మెడ్రాసు వెళ్లాడు. అప్పటికి కోనసీమకి ఇన్ని వంతెనలు లేవు, రేవులో పడవెక్కి గోదావరి దాటి, రాజమండ్రిలో మెయిలెక్కి, చేతిలో ఒక ఉత్తరం పెట్టుకుని. పదిహేను రోజులు తిప్పి ఎవరో ఒక కంపెనీ వాళ్లు చూశారు. పద్యం అందుకుని రాగం తీస్తుండగా మధ్యలో "కట్" అన్నారు. చిన్నతాతకి అది బూతులా వినపడిందట. మళ్లీ మొదలెడితే మళ్లీ కట్. "చేతులు కిందికి, కళ్లు చిన్నవి, గొంతు ఇందులో సగం" అన్నారు. అదైనా చేసేవాడేమో. చివర్లో ఒకాయన వచ్చి, "పాట గురించి మీరు కంగారు పడకండి, పాడేవాళ్లు మాకు వేరే ఉన్నారు" అన్నాడట మర్యాదగానే. ఆ మాటతో తిరుగు రైలెక్కాడు. ఈ కథ అరుగు మీద ఎన్నిసార్లు చెప్పాడో లెక్కలేదు, చెప్పిన ప్రతిసారీ కట్‌లు ఒకటి రెండు పెరిగేవి. ఒక్క వాక్యం మాత్రం ఎప్పుడూ మారలేదు: "ఎదర మనిషి లేడురా అబ్బాయ్. గోడకి చెప్పినట్టుంది."

ఇప్పుడు మెల్లర్ సంగతి చూడండి. ఆవిడ పెరిగిన హాళ్లు మన కళ్లాలు కాదు. మొదటి వరస వాడికి ఆవిడ కనురెప్ప కదలడం కనపడుతుంది. తర్వాత ఎంత పెద్ద హాళ్లలో పాడినా ఆ అలవాటు పోనివ్వలేదు. కెమెరా అనేది అసలు ఏంటి, మొదటి వరస కంటే ఇంకా ముందుకు వచ్చి కూర్చున్న మనిషే కదా. క్లోజప్పులో కనుబొమ్మ అరంగుళం కదిలితే తెర మీద అది జానెడు అవుతుంది. అక్కడికి మెల్లర్ కొలత సరిగ్గా సరిపోయింది, మా చిన్నతాత కొలత సరిపోలేదు. ఇద్దరిలో ఎవరు గొప్ప అంటే నేను చెప్పను, ఇంటి గౌరవం కూడా చూసుకోవాలి.

అయితే మెల్లర్‌కి కూడా అన్నీ సాఫీగా ఏం జరగలేదు. 1926లో ఝాక్ ఫెయ్‌దర్ "కార్మెన్" తీశాడు, ఆవిడే కార్మెన్. (ఇందులో స్మగ్లర్లలో ఒకడిగా చిన్న వేషంలో కనపడే కుర్రాడు లూయిస్ బున్యుయెల్, తర్వాత అంత పెద్ద దర్శకుడు అవుతాడని అప్పుడు ఎవరికి తెలుసు.) దర్శకుడికీ ఆవిడకీ అస్సలు పడలేదు. కార్మెన్ అంటే మగాళ్లని బొంగరాల్లా తిప్పే మనిషి, కథంతా దాని మీదే నిలబడింది. ఈవిడేమో ఆ మనిషిని పద్ధతిగా, గుట్టుగా ఉంచాలని పట్టుబట్టింది. కార్మెన్‌ని గుట్టుగా ఉంచితే ఇంక కథేముంది, నా లెక్కలో తప్పు ఆవిడదే. కానీ ఆ పట్టు ఎక్కడ నుంచి వచ్చిందో నాకు తెలుసు. స్టేజీ మీద పాట ఎంచుకునేది ఆవిడ, బట్టలు ఎంచుకునేది ఆవిడ, ఎంతసేపు ఆగి తర్వాతి మాట అనాలో కూడా ఆవిడ ఇష్టం. సినిమాలో ఆ తాళాలన్నీ ఇంకొకరి మొలకి ఉంటాయి. ఏళ్ల తరబడి కృష్ణుడు కట్టిన నటుడు కిరీటం పెట్టుకున్నాక మేకప్ గదిలో కూడా బీడీ ముట్టించడు, మనవాళ్లలో చూశాను. వేషం మనిషిలోకి ఇంకిపోతుంది. పూలమ్మి పాట పాడీ పాడీ జనం తనని ఎలా చూస్తున్నారో ఆవిడకి బాగా తెలుసు, ఆ బొమ్మ చెరిగిపోతుందని భయపడి ఉంటుంది.

1932లో అదే రూసెల్ అదే పూలమ్మి కథని మళ్లీ తీశాడు, ఈసారి టాకీ. వేషం మళ్లీ ఆవిడకే, అప్పటికి 44 ఏళ్లు. చివరికి గొంతూ మొహం ఒకచోటికి వచ్చాయన్నమాట. నాకు మూకీయే నచ్చింది, ఎందుకో తర్వాత చెప్తాను. 1936లో స్పెయిన్‌లో ఇంకో సినిమా మొదలెట్టింది గానీ అంతర్యుద్ధం వచ్చి అది మధ్యలోనే ఆగిపోయింది.

ఇంకొక ఆవిడ గురించి చెప్పకపోతే ఈ వానాకాలం చదువు పూర్తి కాదు. కొంచా పికేర్, వాలెన్సియా పిల్ల. ఇంకా టీనేజీలో ఉండగానే మాన్యుయెల్ పెనెయా అనే సంగీతకారుడు తన నాటకంతో పాటు న్యూయార్క్ తీసుకెళ్లాడు. అక్కడ లీ డి ఫారెస్ట్ అని రేడియో వాల్వుల ఆయన సినిమాకి శబ్దం అతికించే ప్రయోగాలు చేస్తున్నాడు, 1923లో ఈ పిల్లని నిలబెట్టి పదకొండు నిమిషాలు పాడించి ఫిల్ము తీశాడు. హాలీవుడ్ టాకీలు ఊపందుకోవడానికి నాలుగేళ్ల ముందు! ఆ రీలు అమెరికాలో లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో ఏళ్ల తరబడి పడి ఉండి 2010లో బయటపడింది. తమాషా ఏంటంటే 1927లో ఆవిడ స్పెయిన్ సినిమాలో వేసిన పెద్ద వేషం మూకీలో. ముందు మాట్లాడి తర్వాత మూగబోయిన మనిషి సినిమా చరిత్రలో ఈవిడొక్కతేనేమో అని నవ్వుకున్నాను. తర్వాత టాకీలు కొన్ని చేసింది గానీ ఆవిడ మనసు స్టేజీ మీదే. ఊరూరా తిరిగేటప్పుడు ఆవిడ వెంట వచ్చే ట్రంకు పెట్టెలు ఎన్నో, ఇప్పటికీ స్పెయిన్‌లో ఎవరైనా మరీ ఎక్కువ సామాను కట్టుకుంటే పికేర్ పెట్టెలు అని వెక్కిరిస్తారు. సురభి వాళ్లు ఊళ్లోకి దిగినప్పుడు తెరలూ పెట్టెలూ దించుతుంటే పిల్లలం వెనకాల పరిగెత్తడం గుర్తొచ్చింది.

సురభి అన్నాను కాబట్టి, మన దారి సరిగ్గా వాళ్లకి అడ్డం తిరిగింది. మన వాళ్లని సినిమా పిలిచిందే గొంతు కోసం. 1932లో "భక్త ప్రహ్లాద" టాకీకి హెచ్.ఎం.రెడ్డి గారు సురభి వాళ్లని బొంబాయి తీసుకెళ్లింది పద్యం, పాట, మాట వచ్చినవాళ్లు కాబట్టే. మన పక్క ఏలూరులో నాటకాలు వేసిన కన్నాంబ గారు 1935లో "హరిశ్చంద్ర"లో చంద్రమతిగా తెర మీదికి వచ్చారు. ఆవిడ మాట పలికితే వేరే వాద్యం అక్కర్లేదు, తర్వాత తమిళంలో కూడా ఆ మాటే ఆవిడని నిలబెట్టింది. అంటే మెల్లర్ గొంతు వదిలేసి లోపలికి వెళ్తే మన వాళ్లు గొంతు పట్టుకుని లోపలికి వెళ్లారు. వెళ్లాక కొన్నేళ్లకి ప్లేబ్యాక్ వచ్చి, ఆ గొంతు తీసుకెళ్లి ఇంకొకరికి ఇచ్చేసింది. జగ్గంపేట ఎస్.వరలక్ష్మి గారిలాగా తమ పాట తామే పాడుకోగలిగిన వాళ్లు తర్వాత్తర్వాత వేళ్ల మీద లెక్కపెట్టేటంత మందే మిగిలారు. మా చిన్నతాత మెడ్రాసు వెళ్లింది సరిగ్గా ఆ తలుపు మూసుకుంటున్నప్పుడు.

ఘంటసాల మీద కోపం ఉండాలి కదా ఆయనకి? లేదు. తెర మీద రామారావు గారు, వెనకాల ఘంటసాల గొంతు, పద్యం అయ్యాక చిన్నతాత కాసేపు మాట్లాడకుండా కూర్చునేవాడు. "రాగం పొట్టిగా కోసేశాడు గానీ మాట మాట వినపడిందిరా" అనేవాడు. పది నిమిషాల తర్వాత మళ్లీ, "మరీ పొట్టిగా కోసేశాడు."

స్పెయిన్‌లో ఇంకో తిరుగుడు కూడా ఉంది, క్లుప్తంగా చెప్పేస్తాను. 1957లో "ఎల్ ఉల్తిమో కుప్లే" అనే సినిమాలో సారా మోంతియెల్ అనే సినిమా నటి పాతకాలపు కుప్లే గాయని వేషం వేసింది. ఆవిడ స్టేజీ గాయని కాదు. పాటలకి వృత్తి గాయనిని పెట్టుకునే డబ్బు లేక ఆవిడ చేతే పాడించారు. పాతవాళ్లు పైస్థాయిలో పాడిన పాటల్ని ఈవిడ కింది స్థాయిలో, బొంగురుగా పాడింది, మాడ్రిడ్‌లో దాదాపు ఏడాది ఆడింది. మెల్లర్ 1962 దాకా బార్సిలోనాలోనే బతికి ఉంది. తన పాటలు ఇంకొకరి గొంతులో ఊరంతా మోగుతుంటే... ఆ సంగతి వదిలేద్దాం. బార్సిలోనాలో ఆవిడ పాడిన థియేటర్ల వీధిలో ఇప్పుడు పూలమ్మి రూపంలో ఆవిడ విగ్రహం ఉంది.

వాన తగ్గాక ఫోను పట్టుకుని మా మావయ్య ఇంటికి వెళ్లాను. ఎనభై దాటాయి, చిన్నతాతకి చివరి పదేళ్లు హార్మోనీ పట్టింది ఆయనే. "మావయ్యా, ఒక మూకీ చూడు, ఇందులో ఆవిడ పెద్ద పాటగత్తె" అని 1924 సినిమాలో ముక్క ఒకటి పెట్టాను. వెనక ఎవరో అతికించిన పియానో వస్తుంటే అది తీసెయ్యమన్నాడు. తీసేశాను. కళ్లజోడు పైకి తోసుకుని ఫోను మొహానికి దగ్గరగా పెట్టుకుని చూస్తున్నాడు. చెయ్యి మంచం పట్టె మీద కదులుతోంది, కుడి చేతి వేళ్లు, హార్మోనీ మెట్ల మీద కదిలినట్టే.

"మాట్లాడేటప్పుడు కూడా పాడినట్టే ఊపిరి తీస్తోంది" అన్నాడు. "మెడ దగ్గర చూడు. ఇదిగో తీసింది... ఇప్పుడు వదుల్తుంది."

నేను చూశాను. నిజమే. నాలుగు సార్లు చూసినా నాకు కనపడలేదు అది. టాకీ కంటే ఇది ఎందుకు నచ్చిందో నాకు అప్పటిదాకా మాటల్లో పెట్టడం చేతకాలేదు, ఆయన చెప్పేశాడు: గొంతు తీసేస్తే మిగిలిన ఊపిరి ఒక్కటే బొమ్మలో కనపడుతోంది.

అంతలో ఆవిడ మొహం పోయి ఎవరో మీసాల పెద్దమనిషి మొహం వచ్చింది. మావయ్య వేళ్లు ఆగిపోయాయి.

"అదేంట్రా, ఇంకా వదల్లేదు కదా ఆవిడ!"

"కట్ చేశారు మావయ్యా."

"ఊపిరి మధ్యలోనా?" అన్నాడు. ఫోను నా చేతిలో పెట్టేసి, కాసేపు వీధిలో ఆగిన నీళ్ల వైపు చూసి, "బాబాయ్ చెప్పింది నిజమేనన్నమాట, నేనిన్నాళ్లూ కోతలు అనుకున్నాను" అని లోపలికి చూసి కాఫీ పెట్టమని కేకేశాడు.